ఫొటోకి వెయ్యని దండ

మా కంప్యూటర్లో బతికున్నవాళ్ళ కంటే పోయినవాళ్ళ ఫొటోలే ఎక్కువ. మలేసియాలోని పోర్ట్ క్లాంగ్‌లో రైలు దిగి రేవు వైపు నడిస్తే, కంటైనర్ లారీల దుమ్ము పడే వరసలో మాది బ్యానర్లు అచ్చువేసే దుకాణం. గుడి ఉత్సవాలు, పెళ్ళిళ్ళు, ట్యూషన్ సెంటర్లు, ఎన్నికలు, అన్నీ వేస్తాం. కానీ మాకు అన్నం పెట్టేది చావులే. ఇక్కడ మన ఇళ్ళలో ఎవరైనా పోతే మొదటి ఫోను పూజారికి, రెండోది మాకు. ఆస్పత్రి నుంచి శవం వచ్చేలోపు ఇంటి గేటుకి బ్యానర్ కట్టి ఉండాలి. ఫొటో, పుట్టిన తేదీ, పోయిన తేదీ, ఎన్నింటికి తీసుకెళ్తారు, కింద కొడుకులు, కోడళ్ళు, మనవలు. ఫొటో చుట్టూ దండ, పక్కన దీపం.

ఆ దండ మా నాన్న తయారుచేసింది. ఆయన చేత్తో బోర్డులు రాసే మనిషి. కంప్యూటర్ వచ్చాక ఇక కుంచె పని అయిపోయిందని అర్థమై, ఒకరోజు క్లాంగ్ పూల అంగడి నుంచి మల్లెలూ గులాబీలూ కలిపి కట్టిన దండ తెచ్చి, తెల్ల దుప్పటి మీద పరిచి, నిచ్చెన ఎక్కి ఫొటో తీశాడు. దాన్ని కంప్యూటర్లో కత్తిరించి పెట్టుకున్నాం. అప్పటి నుంచి ఈ చుట్టుపక్కల పోయిన ప్రతి మనిషి ఫొటోకీ అదే దండ. ఆఖరికి నాన్న ఫొటోకీ నేను అదే వేశాను. ఇంకోటి వెతకడానికి మనసొప్పలేదు.

దుకాణం పేరు నాన్నది, పని నాది, పెత్తనం అమ్మది. అమ్మకి కంప్యూటర్ రాదు. కానీ ఆమె కళ్ళద్దాలు పెట్టుకుని చూడందే ఏ బ్యానరూ గుమ్మం దాటదు. రబ్బరు తోటలో పుట్టిన మనిషి. వాళ్ళ తాతలు శ్రీకాకుళం వైపు నుంచి ఓడెక్కి వచ్చినప్పుడు తెచ్చుకున్న తెలుగే ఇప్పటికీ మాట్లాడుతుంది, మధ్యలో తమిళం, మలయ్ కలుపుకుంటూ. నా పుస్తకాల తెలుగు మాత్రం ఇక్కడి తెలుగు సంఘం వాళ్ళ ఆదివారం తరగతుల్లో వచ్చింది. అది వింటే అమ్మకి నవ్వు. "టీవీలో వార్తలు సదివినట్టు సెప్పకు లా" అంటుంది, ఇక్కడి అందరిలాగే మాట చివర 'లా' తగిలించి. కోపం ఆమెకి ముక్కు మీదే ఉంటుంది. పోవడం కూడా అంతే త్వరగా పోతుంది.

ఇప్పుడు రాయబోయేది మా అమ్మకీ ఒక బెంగాలీ మనిషికీ మధ్య నడిచిన సంగతి. ఆయన బంగ్లాదేశ్‌లో నాయకుడయ్యాడు. ఆయన్ని అక్కడే కాల్చి చంపారు. వాళ్ళ పత్రికలు ఏం రాశాయో నాకు చదవడం రాదు. మాకు తెలిసినంత మటుకే రాస్తున్నాను.

ఆయన మా దుకాణానికి మొదటిసారి వచ్చింది కూడా చావు పని మీదే. అప్పటికి ఇక్కడి ఒక గోదాములో ఫోర్క్‌లిఫ్ట్ నడిపేవాడు. సన్నటి మనిషి, పని బూట్లు, చంకలో ప్లాస్టిక్ ఫైలు. తమ హాస్టల్లో ఒకతను రాత్రి పడుకుని పొద్దున్న లేవలేదని చెప్పాడు. అలా నిద్రలో పోయే కుర్రాళ్ళు వాళ్ళలో ఎక్కువే. శవాన్ని పెట్టెలో పెట్టి విమానంలో ఊరికి పంపాలి. ఆ పెట్టె మీద అంటించడానికి నీళ్ళకి చెరగని స్టిక్కరు కావాలన్నాడు. దాని మీద పేరు, తండ్రి పేరు, ఊరు, అక్కడ తీసుకునేవాళ్ళ ఫోను, వీటన్నిటికంటే పెద్దగా ఫొటో.

"ఫొటో ఎందుకు? కాగితాలు ఉంటాయి కదా" అన్నాను.

"పెట్టెలన్నీ ఒకలాగే ఉంటాయి అక్కా. ఒకసారి ఒకరిది ఇంకొకరి ఊరికి వెళ్ళింది. ఆ తల్లి తెరిచి చూసింది" అన్నాడు.  

గబగబా మొదలుపెట్టాను. చావు పని అంటే నా చేతులు వాటంతటవే పోతాయి. ఫొటో పెట్టాను, నాన్న దండ వేశాను, పక్కన దీపం పెట్టాను. ఆయన తెర మీద చూశాడు. తర్వాత చాలా మర్యాదగా, ఎక్కడ నొచ్చుకుంటానో అన్నట్టు అన్నాడు: "అక్కా, దీపం తీసెయ్యండి. దండ కూడా. మేం పోయినవాళ్ళకి దండ వెయ్యం. మాలో దండ బతికున్నవాళ్ళకి."

ముందు గదిలో కూర్చున్న అమ్మ చెవిన ఆ మాట పడింది. వెంటనే లేచి వచ్చింది. "ఏటీ? బతికున్నోడి ఫొటోకి దండేత్తారా మీరు?"

"నాయకులకి వేస్తాం అమ్మా. పెళ్ళికొడుక్కి వేస్తాం. మా ఊళ్ళో చైర్మన్ ఫొటో వేస్తే దండతోనే వేస్తారు."

"మా ఇంట్లో అలాగేస్తే ఆడి పెళ్ళాం సీపురు తిరగేత్తాది" అంది అమ్మ.

ఆయన నవ్వాడు. అది మొదలు. వాళ్ళలోనూ తల్లిని అమ్మా అనే పిలుస్తారు, కాబట్టి ఆయన నోటికి ఆ పిలుపు కొత్త కాదు. ఇద్దరూ మాట్లాడుకునేది మలయ్‌లో. అమ్మ సగం తెలుగు కలిపేసేది. ఎలా అర్థమయ్యేదో గాని ఆయనకి అర్థమయ్యేది. ఇక్కడ ఆయన మాటలు నా తెలుగులో రాస్తున్నాను, అమ్మవి ఆమె అన్నట్టే రాస్తున్నాను.

ఆ తర్వాత ఆయన తరచుగా వచ్చేవాడు. పోర్ట్ క్లాంగ్, షా ఆలం, ఎక్కడ బెంగాలీ పనివాడు పోయినా ఫోను ఆయనకే. షిఫ్టు అయ్యాక ఆస్పత్రి, పోలీస్ స్టేషన్, ఎంబసీ తిరిగేవాడు. వాళ్ళ యజమానులతో మాట్లాడేవాడు. ఎవరి మీదా అరవడం నేను చూడలేదు. అరిచే మనిషి ఎదురుగా కుర్చీ లాక్కుని కూర్చునేవాడు, అంతే. కాగితం చేతికొచ్చేదాకా లేచేవాడు కాదు. చివరికి మా దగ్గరికి వచ్చి స్టిక్కరు వేయించుకునేవాడు. బెంగాలీ అక్షరాలు మా కంప్యూటర్లో విడిపోయి వచ్చేవి. ఒక్కొక్కటీ వేలు పెట్టి చూపించి సరిచేయించేవాడు. పోయినవాడి పేరు తప్పు పడకూడదని ఆయన పట్టుదల. నాకు విసుగొచ్చేది, చేసేదాన్ని.

స్టిక్కరు ఆరేలోపు అమ్మ అన్నం పెట్టేది. ఇక్కడ తెరుబోక్ అని ముళ్ళు ఎక్కువుండే చేప దొరుకుతుంది. దాన్ని చూసి ఆయన మొహం విప్పారింది. అది వాళ్ళ నది చేపకి చుట్టమట. అమ్మ చింతపండు పులుసు పెట్టింది. ఆయన ఒక్క ముల్లు గొంతులో పడకుండా తినేసి, "బాగుంది అమ్మా, కానీ దీనికి ఆవాలు నూరి పెట్టాలి" అన్నాడు.

"తిన్నదంతా తినేసి ఇప్పుడు వంకలెడతన్నాడు సూడు" అని నాతో అంది అమ్మ. కానీ తర్వాతిసారి ఆవాలు నూరింది. నాన్నకి కూడా ఆమె ఎప్పుడూ అలా మార్చి వండలేదు. ఆ మాట నేనంటే నా మీద లేచింది.

కొన్నేళ్ళకి ఆయన దేశం వెళ్ళిపోయాడు. వెళ్ళేముందు తమ్ముణ్ణి పరిచయం చేశాడు. అదే గోదాములో సరుకు సర్దే పని. అన్న ఎంత మాటకారో తమ్ముడు అంత నోరులేని మనిషి. ఏం అడిగినా ముందు నేల వైపు చూస్తాడు. ఎవరైనా పోతే ఇక మీదట స్టిక్కరు పని ఇతనే చూసుకుంటాడని అన్న చెప్పాడు. తమ్ముడు నేల చూశాడు.

అన్న వెళ్ళి చేసిన పని ఎన్నికల్లో నిలబడటం. మాకు ఆశ్చర్యమేసింది. డబ్బున్న మనిషి కాదు, పెద్ద కుటుంబం కాదు. ఎవరు ఓటేస్తారు? తమ్ముడే చెప్పాడు. ఆ ప్రాంతంలో ఇంటికొక మనిషి బయటి దేశంలో ఉంటాడు. ఇక్కడి నుంచి అన్న పంపిన పెట్టెలు దిగిన ఇళ్ళు ఊరూరా ఉన్నాయి. ఆయన పోటీకి దిగగానే ఆ ఇళ్ళవాళ్ళు అడక్కుండానే బయటికొచ్చారట. "మా వాడు మాకు చేరింది ఈయన వల్ల" అని చెప్పుకుంటూ తిరిగారట. మన మండలంలాంటి దానికి చైర్మన్‌గా గెలిచాడు. అప్పటికే అక్కడ పాతుకుపోయినవాళ్ళకి అది మింగుడు పడలేదు.

ఇక్కడి బెంగాలీ పనివాళ్ళకి పండగే. పరాయి దేశపు రాజకీయం వీధిలో చేస్తే పోలీసులు ఊరుకోరు కనుక, మా వీధిలో తమిళ ముస్లింలు నడిపే మామక్ హోటల్ మేడ మీద గది మాట్లాడుకుని సభ పెట్టుకునేవారు. అక్కడ గోడకి కట్టడానికి బ్యానర్ మా దగ్గరే. వాళ్ళ బ్యానర్లకి ఒక పద్ధతి ఉంది. నాయకుడి మొహం మధ్యలో పెద్దగా ఉండాలి. అభినందించేవాళ్ళ మొహాలు కింద మూలల్లో చిన్నగా, వరసలో ఉండాలి. ఎవరిది ఎంత చిన్నగా ఉండాలన్నది నాకు తలనొప్పి. ఒకరిది గోరంత పెరిగిందని ఇంకొకరు అలిగేవారు. తమ్ముడి ఫొటో మాత్రం ఎప్పుడూ ఆఖరి మూలనే. అతను అక్కడే పెట్టమనేవాడు.

మొదటి బ్యానర్‌కి అడిగారు, నాయకుడి ఫొటోకి దండ వెయ్యమని. నేను వేసేదాన్నేమో. అమ్మ అడ్డం పడింది.

"సత్తే ఎయ్యను. ఇంట్లో అన్నం తిన్న మనిషి. ఆడి ఫొటోకి నా సేతుల్తో సావు దండ ఏత్తానా?"

వాళ్ళు బతిమాలారు. దండ లేకపోతే నాయకుణ్ణి తక్కువ చేసినట్టన్నారు. వేరే దుకాణానికి పోతామన్నారు. "పొండి" అంది. చివరికి తమ్ముడు అన్నకే ఫోను కలిపి అమ్మ చేతికిచ్చాడు. అటు నుంచి ఏం విందో గాని, అమ్మ మొహం మెత్తబడింది. అమ్మ మాటే వినమని ఆయన తనవాళ్ళకి చెప్పాడట, దండ లేకుండానే వేశాం. తర్వాత ఎన్ని బ్యానర్లు వేసినా ఆయనకి మా దుకాణంలో దండ పడలేదు. మిగతా దుకాణాలవాళ్ళు వేసినవాటిలో బంతిపూలలో మునిగి కనిపించేవాడు. మా బ్యానర్లో ఉత్త మెడతో నవ్వుతుండేవాడు.

తర్వాత ఒకసారి ఆయన ఇక్కడికి వచ్చాడు. అప్పటికి పార్లమెంటుకి పోటీ చేస్తాడని చెప్పుకుంటున్నారు. పనివాళ్ళని కలవడానికి వచ్చి, కార్లో నలుగురి మధ్య ఇరుక్కుని కూర్చుని కూడా మా గుమ్మం ముందు ఆపించాడు. కాస్త ఒళ్ళు చేశాడు. తెల్ల కుర్తా. లోపలికి రాగానే బూట్లు విప్పి అమ్మ పక్కన ఎప్పటి స్టూలు మీదే కూర్చున్నాడు. గోడకున్న తన బ్యానర్ వైపు చూశాడు.

"అమ్మా, ప్రపంచమంతా నాకు దండలేసింది. మీరు ఒక్కరే వెయ్యలేదు."

"ఫొటోకి ఎయ్యనన్నాను గాని నీకు ఎయ్యనన్నానా? మెడకేత్తాను. రేపు అన్నానికి రా. నిజం పూలు కట్టించి ఏత్తాను."

"రేపు జొహోర్ వెళ్ళాలి. అటు నుంచి అటే విమానం. మళ్ళీ వచ్చినప్పుడు వేయించుకుంటాను, మాట."

"నువ్వొచ్చేసరికి నానుంటానో లేదో. నాను పోతే నువ్వే వచ్చి నా ఫొటోకి ఎయ్యాల."

"మాలో వెయ్యరు కదా" అన్నాడు, ఆటపట్టిస్తూ.

"నాకెయ్యొచ్చు. నాను మీలో కాదుగా."

కారులోంచి ఎవరో హారన్ కొట్టారు. ఆయన అమ్మ కాళ్ళకి వంగబోతే అమ్మ పట్టి లేపింది. వాళ్ళిద్దరినీ అలా చూడటం అదే ఆఖరు. ఆయన వస్తున్నాడని తెలిసి అమ్మ ముందే పూల అంగడికి దండ చెప్పి ఉంచిందట, మర్నాడు ఫోను చేసి వద్దంది. అప్పటికే కట్టేశారట. తెచ్చి దేవుడి పటానికి వేసింది.

ఆయన పోయిన సంగతి మాకు మధ్యాహ్నం భోజనాల వేళ తెలిసింది. పక్క హోటల్లో తింటున్న బెంగాలీ కుర్రాళ్ళు ఒక్కసారి లేచి నిలబడ్డారు. ఒకడి ఫోను చుట్టూ అందరూ మూగారు. నేను రసీదు రాస్తున్నదాన్ని రాస్తూనే ఉండిపోయాను, ఏదో క్రికెట్ అనుకున్నాను. తర్వాత ఒకడు మా గుమ్మంలోకి వచ్చి గోడ మీద బ్యానర్ చూపించి, మలయ్‌లో ఒకే మాట అన్నాడు. కాల్చేశారని. ఊళ్ళో టీ దుకాణం ముందు బల్ల మీద కూర్చుని జనంతో మాట్లాడుతుంటే మోటారు సైకిల్ మీద ఇద్దరు వచ్చారట. ఎవరు చేయించారంటే నలుగురు నాలుగు పేర్లు చెప్పారు. కేసు నడుస్తోందంటారు. అంతకు మించి నాకు తెలియదు.

అమ్మ ఏడవలేదు. స్టూలు మీద కూర్చుని చాలాసేపు మోకాళ్ళు రాసుకుంది. తర్వాత, "ఆడికి పెట్టె అక్కర్లేకపోయింది. సొంతూళ్ళోనే పోనాడు" అంది. అప్పుడు నాకు ఏడుపొచ్చింది.

ఆ శుక్రవారం ఇక్కడి బెంగాలీ పనివాళ్ళు శవం లేకుండా చేసే జనాజా నమాజు చేశారు. గోదాముల వెనక ఉన్న సురావ్‌లో, అంటే చిన్న మసీదులో, చోటు చాలక బయట తారు మీద పాత ఫ్లెక్సులు పరుచుకుని నిలబడ్డారు. ఆ ఫ్లెక్సులు మావే. అడిగితే ఇచ్చాను. అచ్చు వైపు కిందికి వేసి పరిచారు. అమ్మా నేనూ రోడ్డు అవతల బస్ స్టాప్‌లో నిలుచున్నాం. తమ్ముడు ముందు వరసలో ఉన్నాడు. నమాజయ్యాక అందరూ అతని భుజం పట్టుకుని ఏదో చెప్తున్నారు. అతను నేల చూస్తున్నాడు.

సంతాప సభ బ్యానర్‌కి వాళ్ళు వచ్చినప్పుడు అమ్మ ముందే తయారుగా ఉంది. నన్ను పక్కన కూర్చోబెట్టుకుని ఆయన ఫొటోల్లో మంచిది ఏరించింది. నాన్న దండ తెరిపించింది. ఇక అభ్యంతరం ఏముంటుంది, మనిషి పోయాడు. కానీ వాళ్ళతో వచ్చిన పెద్దాయన తల అడ్డంగా ఊపాడు. దండ వద్దు. అసలు ఫొటోనే వద్దు. నల్ల అంచు, పేరు, ఒక ప్రార్థన చాలన్నాడు.

అమ్మ వాదిస్తుందనుకున్నాను. వాదించలేదు. "ఆళ్ళ మనిషి. ఆళ్ళెలాగంటే అలాగే" అంది. పేరులో అక్షరాలు మాత్రం వేలు పెట్టి ఒక్కొక్కటీ సరిగా ఉందా అని తమ్ముణ్ణి అడిగింది. అన్న చేసినట్టే. వాళ్ళు వెళ్ళాక నన్ను చూసి అంది: "బతికినన్నాళ్ళూ ఆడికి కావాల్సిన దండ నానెయ్యలేదు. పోయినాక నానేద్దామంటే ఆడికి కూడదు. నా సేత్తో ఆడికొక్క పువ్వు పడలేదు సూడు."

  తర్వాత చాలా రోజులు ఆమె తెరుబోక్ కొనలేదు.

కొన్నాళ్ళకి తమ్ముడు ఒక్కడే వచ్చాడు, పని బూట్లతో. అన్న స్థానంలో తనని పోటీ చెయ్యమంటున్నారని చెప్పాడు. అక్కడి నుంచి రోజూ ఫోన్లు. పెట్టెలు దిగిన ఇళ్ళవాళ్ళంతా అతని ఇంటి ముందు కూర్చుంటున్నారట. గోదాములో పని మానేశాడు, టికెట్ కొన్నాడు. ఇక్కడివాళ్ళు మేడ మీద సభ పెట్టి పంపుతారు. దానికి బ్యానర్ కావాలి.

అమ్మకి కోపం నషాళానికెక్కింది. "ఎల్లకు. ఒకణ్ణి సంపినోళ్ళకి రెండోవోడు లెక్కా? నీకు నోట్లో మాట లేదు. నువ్వేటి సెప్పి ఓట్లడుగుతావు? ఇక్కడే ఉండు. పెళ్ళాం పిల్లకి డబ్బులంపుకో. మీ అమ్మకేటి, బుద్ధి లేదా, ఉన్న ఒక్కణ్ణి రమ్మంటాదా?"

అతను నేల చూశాడు. చూసి చూసి మెల్లిగా అన్నాడు: "మా అమ్మ రమ్మనలేదు. వద్దని కూడా అనలేదు."

"మరి?"

"నేను నిలబడకపోతే ఇంకెవరూ నిలబడరు. భయం. అప్పుడు చేయించినవాళ్ళే గెలుస్తారు. మా అమ్మ రోజూ ఆ టీ దుకాణం ముందు నుంచే నడవాలి."

నేను అతని నోట విన్న పెద్ద మాట అదే. అమ్మ వేళ్ళు మడిచి విప్పి, మడిచి విప్పి, లోపలికి వెళ్ళిపోయింది. గిన్నెలు చప్పుడు చేసింది. నేను అతని ఫొటో తీసుకుని బ్యానర్ మొదలుపెట్టాను. ఇన్నాళ్ళూ ఆఖరి మూలలో గోరంత ఉన్న మొహాన్ని మధ్యకి లాగి పెద్దది చేశాను. పెద్దది చేసేకొద్దీ మసకబారింది. ఆ ఫొటో అంత పెద్దగా చూపించడానికి తీసింది కాదు. అన్న ఫొటో పైన ఎడమ పక్క చిన్నగా పెట్టమన్నాడు. ఈసారి పెద్దాయన ఒప్పుకున్నాడట, ఎన్నిక కదా అని.

"దండ?" అని అడిగాను, అడగకూడదనుకుంటూనే. అతను లోపలి గది వైపు చూసి, "అమ్మ వద్దంటుంది కదా. వద్దు" అన్నాడు.

అమ్మ చేతులు తుడుచుకుంటూ వచ్చి నా వెనక నిలబడింది. తెర మీద ఇద్దరినీ చూసింది. పైన పోయిన వాడు, మధ్యలో పోబోతున్న వాడు. పోబోతున్న అంటే ఊరికి. కానీ నాకు తెలుసు, ఆమె దాన్ని ఎలా చూస్తోందో.

"ఈడికి ఎయ్యి దండ" అంది.

నాకు సరిగా వినపడలేదేమో అనుకున్నాను. "బతికున్న మనిషికా?"

"ఆళ్ళలో బతికున్నోళ్ళకే ఏత్తారు. ఆడు మొదటి రోజే సెప్పినాడు, నానే ఇనలేదు. ఎయ్యి. ఈడు బతికుండాల."

నేను నాన్న దండ తెరిచాను. మా దగ్గర ఉన్నది అదొక్కటే. అది తెర మీదికి రాగానే అమ్మ నా చెయ్యి పట్టుకుంది. "అది కాదు. అది ఎంతమంది మీద పడిందో. ఉండు."

చెప్పులేసుకుని వెళ్ళిపోయింది. ఆ ఎండలో, ఆ మోకాళ్ళతో, రైలెక్కి క్లాంగ్ వెళ్ళి పూల అంగడి నుంచి దండ తెచ్చింది. బంతీ గులాబీ కలిపి కట్టింది, లావుగా, తడిగా. తమ్ముణ్ణి ఫ్లెక్సు చుట్టల ముందు నిలబెట్టింది. అందలేదు. అతను వంగాడు. అమ్మ అతని మెడలో దండ వేసి, చొక్కా కాలరు సర్ది, రెండు చేతులతో అతని గడ్డం పట్టుకుని మొహం పైకెత్తింది.

"నేలేపు సూడకు. నన్ను సూడు. మనుషుల్ని సూసుకుంటా ఉండు, ఎవడెటు నించి వత్తన్నాడో" అని అతనికి చెప్పి, నాతో "తీ ఫొటో" అంది.

తీశాను. ఆ ఫొటోలో అతను నేల చూడటం లేదు. కళ్ళలో నీళ్ళున్నాయి గాని, చూపు నిటారుగా ఉంది. అదే ఫొటో బ్యానర్‌కి వేశాం. అన్నకి, వాళ్ళ పద్ధతి ప్రకారం, దండ లేదు. తమ్ముడు ఆ పూలు మెడలో ఉంచుకునే సభకి వెళ్ళాడు. మర్నాడు విమానం ఎక్కాడు. అక్కడ కట్టడానికి అదే బ్యానర్ చుట్టి తీసుకెళ్ళాడు. ఎన్నిక ఇంకా రాలేదు. వస్తుంది, వాయిదా పడింది, మళ్ళీ వస్తుంది అంటున్నారు. రోజూ పొద్దున్న అమ్మకి ఒక వాయిస్ మెసేజ్ పంపుతాడు. ఎక్కువ ఉండదు. తిన్నాను అని చెప్తాడు, మీరు తిన్నారా అని అడుగుతాడు.

ఆ బ్యానర్ చిన్న సైజులో ఇంకొకటి వేయించి అమ్మ దుకాణం ముందు కట్టించింది. మాకు వచ్చేవాళ్ళలో ఎక్కువమంది చావు పని మీద వచ్చేవాళ్ళేనని మొదట్లోనే రాశాను. వాళ్ళు గుమ్మంలో ఆగి, దండతో ఉన్న ఆ కుర్ర మొహాన్ని చూసి, తమ బాధ ఒక్క క్షణం పక్కన పెట్టి, "అయ్యో, చిన్నవాడే. ఎప్పుడు పోయాడు?" అని అడుగుతారు. పైన దండ లేకుండా నవ్వుతున్న మనిషి గురించి ఎవరూ అడగరు.

తీసేద్దామమ్మా అన్నాను ఒకసారి. ఉండనీ అంది. నిన్న కూడా ఒకావిడ, తండ్రి పోయినావిడ, అలాగే అడిగింది. అప్పటికి పొద్దుటి మెసేజ్ ఇంకా రాలేదు. అమ్మ ఫోను తీసి చూసింది, పక్కన పెట్టింది. మళ్ళీ తీసి చూసింది.

"పోలేదమ్మా. బతికే ఉన్నాడు" అంది ఆవిడతో.

ఆ మాట ఆమె ఎవరడిగినా చెప్తుంది, రోజుకి ఎన్నిసార్లయినా. నేను ఆవిడ తండ్రి ఫొటో తీసుకుని, నాన్న దండ తెరిచాను.